తీసేసిన ఆరు పేజీలు

పోయిన నెలలో ఒక ఉదయం కోటబొమ్మాళి మార్కెట్లో కూరగాయలు ఏరుకుంటూ ఉండగా ఫోను మోగింది. పలాస కాన్వెంటులో వంట చేసే ఆమె చేసింది. "అక్కా, మన సిస్టర్ గారు ఎలిపోనారు. పొద్దున్న ప్రార్థనకి లెగనేదు. ఎల్లి సూత్తే అయిపోనారు," అంది. ఏరిన బెండకాయలు గంపలోనే తిరిగి పోసేసి పలాస బస్సెక్కాను. కాయలమ్మే ఆమె వెనక నుంచి ఏదో అంటూనే ఉంది.

మర్నాడు సమాధి చేశారు. గుడిలో ఫాదర్ గారు ఆమె జీవితాన్ని కాగితం మీద రాసుకొచ్చి చదివారు. గుంటూరు వైపు పల్లెటూళ్ళో పుట్టడం, పద్దెనిమిదో ఏట మఠంలో చేరడం, టెక్కలిలో ఆడపిల్లలకి ఏళ్ళ తరబడి సాంఘిక శాస్త్రం చెప్పడం, యాభై దగ్గర పడ్డాక డాక్టరేటు, ఆ తర్వాత కాలేజీలో ఉద్యోగం, మూడు పుస్తకాలు, ఢిల్లీ దాకా సభలు. అన్నీ నిజమే. మధ్యలో ఒక్క వాక్యం వచ్చింది, జీడి కార్మిక మహిళల మీద పరిశోధన చేశారని. ఆ వాక్యం అయిపోగానే ఆయన పేజీ తిప్పేశారు.

గుడి వెనక గోడకి ఆనుకుని మా జీడి షెడ్డు ఆడవాళ్ళం పాతికమందిమి నిలబడి ఉన్నాం. అందరిలోకీ పెద్దామె, మేమంతా పెద్దక్క అని పిలిచే మనిషి, నా చెవిలో అంది. "అంతేనేటే? మన ఊసు ఒక్క ముక్కేనా?"

"ఫాదర్ గారికి తెలీదు కదా పెద్దక్కా," అన్నాను.

"మరి తెలిసినదానివి నువ్వు రాయి. పది సదివినావు కదా. ఊరికే సదివినావేటి?"

అందుకే రాస్తున్నాను. ఆమెకి ఆ డాక్టరేటు నా వల్ల పోవలసింది. అది నా వల్లేనన్న సంగతి కాన్వెంటులో కూడా ఎవరికీ తెలియదు. ఆమె చెప్పలేదు. చెప్పే మనిషి కాదు.

తొంభై ఏడులో అనుకుంటాను, సిస్టర్ గారు మొదటిసారి పలాసలోని మా జీడి షెడ్డుకి వచ్చారు. పరిశోధన కోసం మాతో మాట్లాడాలని యజమానిని అడిగారు. పని ఆగకుండా ఉంటే సరే అన్నాడాయన. పని ఆపకుండా మాట్లాడాలంటే ఒకటే దారి. చెప్పులు గుమ్మం బయట విడిచి, తెల్లచీర కుచ్చెళ్ళు ఎగదోపుకుని, మా వరసలో పీట వేసుకుని కూర్చున్నారు.

జీడి పిక్కలు కొట్టడం చూసినంత తేలిక కాదు. కాల్చిన పిక్కని రాయి మీద నిలబెట్టి కర్రతో ఒక్క దెబ్బ వెయ్యాలి. పెంకు విడిపోవాలి, లోపలి పప్పు విరగకూడదు. పెంకులో ఉండే నూనె చేతికి అంటితే చర్మం కాలుతుంది. బూడిద పూసుకుంటాం గానీ అది కొంత వరకే ఆపుతుంది. నాలుగు నెలలు కొడితే వేళ్ళు నల్లబడి బెరడులా అయిపోతాయి.

మొదటి రోజు ఆమె కొట్టిన వాటిలో ఒక్కటీ పూర్తిగా రాలేదు.

"ఏటి సిస్టరమ్మా, పప్పు తీయమంటే పిండి సేత్తన్నారు," అంది పెద్దక్క.

"రేపు సరిగ్గా కొడతానండీ," అన్నారు ఆమె.

"నన్ను అండీ అంటారేటి, నాకు సిగ్గేత్తాది. ఏ ఊరమ్మా మీది, మాట అంత బేగి పరిగెడతాది?"

"గుంటూరు వైపు."

"అదీ సంగతి. అక్కడ కారం తిని పరిగెడతారు కాబోలు."

షెడ్డంతా నవ్వింది. ఆమె కూడా నవ్వారు. వారానికి మూడు మధ్యాహ్నాలు, మూడేళ్ళు అలా వచ్చారు. రెండో నెలకే ఆమె వేళ్ళు మా వేళ్ళలా అయ్యాయి. కాన్వెంటులో ఒక చిన్న సిస్టర్ నలుపు పోతుందని నిమ్మచెక్క తెచ్చి ఇస్తే, దాన్ని మజ్జిగలో పిండుకుని తాగేశారట. ఆ మాట ఆమే మాకు చెప్పారు.

నేను పప్పు మీది పొట్టు తీసే వరసలో కూర్చునేదాన్ని. పది చదివాను కాబట్టి ఆమె రాసుకున్నది శుభ్రంగా తిరగరాసే పని నాకు అప్పగించారు. ఆమెది ఒక పద్ధతి ఉండేది. మా దగ్గర విన్నది ఇంటికెళ్ళి రాసి, తర్వాతి వారం అన్నాల వేళ అందరి ముందూ చదివేవారు. ఎవరైనా ఆ మాట వద్దంటే అక్కడికక్కడే కొట్టేసేవారు. "మీకు చదివి వినిపించలేని మాట మీ గురించి రాయకూడదు," అనేవారు. ఇంకో మాట కూడా అనేవారు. "నేను అడుగుతాను. చెప్పకపోవడం కూడా జవాబే. అదీ రాసుకుంటాను."

ఇక నా సంగతి. నేను బాప్టిస్టు సంఘం మనిషిని. మా ఇళ్ళలో ఆర్‌సీయం వాళ్ళ గురించి, అంటే సిస్టర్ గారి కేథలిక్కుల గురించి తెలిసింది తక్కువ, అనుకునేది ఎక్కువ. వాళ్ళు పాపాలు నోటితో చెప్పుకుంటారనీ, విన్నవాళ్ళు ప్రాణం పోయినా బయటపెట్టరనీ మా అమ్మ చెప్పేది. వినేది ఫాదర్ గారు ఒక్కరేనని మాకెవరికీ తెలియదు. తెల్లబట్టలు కట్టుకున్న వాళ్ళందరూ వింటారనుకునేదాన్ని.

సిస్టర్ గారు వస్తున్న మూడో ఏట మా అమ్మాయికి పూండి నుంచి సంబంధం వచ్చింది. మా అమ్మాయి ఎనిమిదితో చదువు మాని నాలుగేళ్ళుగా పిక్కలు కొడుతోంది. కుర్రాడికి స్టేషను దగ్గర సైకిల్ షాపు. ఉన్న కుటుంబం, దైవభక్తి గల ఇల్లు. ఒక్కటే షరతు పెట్టారు. పిక్కలు కొట్టే పిల్ల వద్దు, ఆ చేత్తో అన్నం పెడితే మాకు సయించదు అన్నారు. మధ్యన ఉన్నది మా పాస్టరు గారే. ఆయన నా ముఖం చూసి అడిగారు, అమ్మాయి షెడ్డుకి వెళ్తుందా అమ్మా అని. లేదండీ, ఇంట్లోనే కుట్టుపని నేర్చుకుంటోంది అన్నాను.

మా షెడ్లలో ఇలాంటప్పుడు ఏం చెయ్యాలో అందరికీ తెలుసు. పైకి ఎవరూ అనరు. సంబంధం వచ్చిన పిల్లని కొట్టే వరస నుంచి లేపి మూడు నెలలు నూనె అంటని పొట్టు వరసలో కూర్చోబెడతారు. ఆమె పిక్కలు తల్లి కొడుతుంది. రోజూ పులుపుతో కడిగి కొబ్బరినూనె రాస్తే నల్లటి పొర ఊడి కొత్త చర్మం వస్తుంది. ఇంకా మిగిలిన నలుపుని పెళ్ళినాడు గోరింటాకు దాచేస్తుంది. నేనూ అదే చేశాను. కానీ పాస్టరు గారితో అబద్ధమాడానన్నది నన్ను తినేసింది. ఆ నెల ఆదివారం ప్రభువు బల్ల దగ్గర ద్రాక్షరసం గిన్నె నా చేతికి వస్తే, పాపంతో తాగకూడదని పక్కామెకి ఇచ్చేశాను.

ఒక మధ్యాహ్నం షెడ్డు వెనక నీడలో సిస్టర్ గారు ఒంటరిగా కూర్చుని ఉంటే వెళ్ళి మొత్తం చెప్పేశాను. ఆమె మధ్యలో అడిగారు, ఇది రాసుకోవచ్చా అని. వాళ్ళ పద్ధతి అదేనేమో అనుకుని రాసుకోండి అన్నాను. మనసు తేలికపడి ఇంటికెళ్ళి ఆ రోజు కడుపునిండా అన్నం తిన్నాను.

తర్వాతి వారం అన్నాల వేళ ఆమె చదవడం మొదలుపెట్టారు. ఆరు పేజీలు. 'ఒక తల్లి' అని రాశారు గానీ ప్రతి మాటా నాదే. పెద్దక్క నా వైపు చూడకుండానే, "ఈ తల్లి నాకు ఎరికే," అంది. నేను అన్నం గిన్నె మూసేశాను. ఇది పుస్తకమవుతుంది, విశాఖపట్నం వెళ్తుంది, ఎవరో చదివి పూండిలో చెబుతారు. పెళ్ళి ఇంకా నెలన్నర ఉంది.

మర్నాడు పొద్దున్నే కాన్వెంటుకి వెళ్ళాను. "పాపం ఒప్పుకున్నాను సిస్టర్ గారూ. మీరు అచ్చుకి ఇచ్చేస్తున్నారు," అని ఏడ్చాను.

ఆమెకి మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక నన్ను బల్ల మీద కూర్చోబెట్టారు. "నేను ఫాదర్‌ని కానమ్మా," అన్నారు. "పాపాలు వినే అధికారం నాకు లేదు. మా సిస్టర్లలో ఎవరికీ లేదు."

"మరి నేను ఎవరికి చెప్పుకున్నట్టు?"

"నువ్వు అనుకున్నది తప్పే. కానీ అలా అనుకునే చెప్పావు కదా. నేనూ అలాగే విన్నట్టు ఉంటాను."

లోపలికి వెళ్ళి ఆ ఆరు పేజీలూ, నోటుపుస్తకంలోంచి చింపిన రెండు కాగితాలూ తెచ్చి నా చేతిలో పెట్టారు. ఇంకెక్కడా లేవన్నారు. ఇంటికెళ్ళి వాటిని పొయ్యిలో పెట్టి కాల్చేశాను. అవి ఆమెకి ఏమిటో అప్పుడు నాకు తెలియదు.

తెలిసింది తర్వాత. ఆమె గురువు ఒక ప్రొఫెసరు గారు. సిద్ధాంత గ్రంథంలో ఎవరూ చెప్పని కొత్త సంగతి ఒకటి ఉండి తీరాలని అంతకుముందే అన్నారట. ఆ సంగతి ఆ ఆరు పేజీల్లోనే ఉంది. అవి లేకుండా ఆ అధ్యాయం తిరగరాయడానికి ఆమెకి ఇంకో ఏడాది పట్టింది. మఠంలో పెద్ద సిస్టర్ ఇచ్చిన గడువు అయిపోయింది. పరీక్షకి ఇదొక్కసారే, ఇందులో నెగ్గకపోతే చదువు ఆపి వేరే రాష్ట్రంలో హాస్టలు చూసుకోవాలని ఉత్తర్వు వచ్చింది. ఇవన్నీ వంటామె చెప్పింది, ఆ పేజీలు తీయించింది నేనని తెలియక. సిస్టర్ గారు నాతో ఒక్కసారీ అనలేదు. మా అమ్మాయి పెళ్ళికి వచ్చి, చర్చిలో వెనక బల్ల మీద కూర్చుని, మాతో పాటే పాటలు పాడి వెళ్ళారు.

రెండువేల ఒకటిలో విశాఖపట్నంలో ఆమెకి ఆఖరి పరీక్ష. నోటితో అడుగుతారు, ఎవరైనా వచ్చి వినొచ్చు. ఆమె మమ్మల్ని నలుగురిని రైల్లో తీసుకెళ్ళారు. "మీ గురించి అడుగుతారు. మీరు లేకుండా ఎలా?" అన్నారు. పెద్దక్క పట్టుచీర కట్టుకుంది. హాలు గుమ్మంలో చెప్పులు విడిచేసరికి లోపలున్న చదువుకున్న వాళ్ళు కొందరు తమ బూట్లు చూసుకున్నారు.

పరీక్ష పెట్టడానికి వేరే రాష్ట్రం నుంచి పెద్దాయన ఒకరు వచ్చారు. ఇంగ్లీషులో అడిగితే ప్రొఫెసరు గారు మా కోసం తెలుగులో చెప్పేవారు. గంటసేపు బాగానే జరిగింది. ఆమె ప్రతిదానికీ జవాబు చెబుతుంటే పెద్దక్క మోచేత్తో నన్ను పొడుస్తోంది. అప్పుడాయన ఒక పేజీ తెరిచారు. షెడ్డులో ఎవరు ఏ వరసలో కూర్చున్నారో నెలనెలా ఆమె వేసిన పట్టిక.

"పెళ్ళికాని పిల్లలు కొట్టే వరసలోంచి మూడు నెలలు మాయమవుతున్నారు. తర్వాత అసలు కనబడరు. మూడేళ్ళు అక్కడ కూర్చున్నారు, ఎందుకో మీకు తెలియదా?"

"తెలుసు," అన్నారు సిస్టర్ గారు. "ఒకరు నమ్మి చెప్పారు. నేను చెప్పలేను."

"ఇది లేకపోతే ఈ అధ్యాయం సగమే. నేను ఒప్పుకోలేను."

"అర్థమైందండీ," అన్నారామె. తలదించుకోలేదు, మా వైపు తిరగనూ లేదు. నా వైపు ఒక్కసారి చూసి ఉంటే నేను లేచేదాన్ని కాదేమో.

నేను గట్టిగా మాట్లాడే మనిషిని కాను. సంఘంలో సాక్ష్యం చెప్పమన్నా నా గొంతు రెండో బల్ల దాటదు. ఆ రోజు ఎలా లేచానో తెలియదు. మాతో వచ్చి పక్కన కూర్చున్న నాలుగో ఆమెది పూండే. రేపటికి ఊరంతా తెలుస్తుంది. మా అమ్మాయికి అప్పుడు అయిదో నెల.

"ఆ నమ్మి చెప్పింది నేనేనండీ," అన్నాను. పొర ఊడదీసే సంగతి, గోరింటాకు సంగతి, పాస్టరు గారితో ఆడిన అబద్ధం, అన్నీ చెప్పాను. ప్రొఫెసరు గారు ఇంగ్లీషులోకి మారుస్తూ మధ్యలో ఒకసారి ఆగి కళ్ళద్దాలు తుడుచుకున్నారు. ఆ పెద్దాయన కాగితాలు మూసి, ఇది రాసి మూడు నెలల్లో ఇవ్వండి, నాకు ఇంకేమీ అక్కర్లేదన్నారు.

బయటికి వచ్చాక సిస్టర్ గారు నా చెయ్యి పట్టుకున్నారు. మెచ్చుకుంటారనుకున్నాను. "నువ్వు చెప్పావు, సరే. కానీ ఆ చేతులు నీవి కావు కదా," అన్నారు. "మీ అమ్మాయిని అడగాలి. వద్దంటే రాయను."

"మూడు నెలల్లో ఇవ్వకపోతే?"

"హాస్టలు చూసుకుంటాను. పిల్లలంటే నాకు ఇష్టమే."

మర్నాడు పొద్దుటి పాసింజరులో బయల్దేరి ఇద్దరం పూండిలో దిగాం. పెద్దక్క కిటికీలోంచి, "మీ వియ్యపురాలు తిడితే నా పేరు సెప్పు, నానొచ్చి తిడతాను," అని అరిచింది.

మా వియ్యపురాలు అరుగు మీద కొబ్బరి ఎండబెడుతోంది. "ఏటి వదినా, కబురెట్టకుండా వచ్చినావు. ఓలమ్మ, సిస్టరమ్మ గారు కూడానా," అంటూ చాప పరిచింది. నేను కూర్చోలేదు. నిలబడే మొత్తం చెప్పాను. అబద్ధం చెప్పి మీ ఇంటికి పిల్లని పంపాను వదినా, మీరేమన్నా పడతాను అన్నాను.

ఆమె కొబ్బరిచిప్పలు తిరగేస్తూనే వింది. "ఆ సేతులొద్దన్న మాట నానన్నానేటి? మీ అన్నయ్య అన్నాడు. మగోలికేటి తెలుసు. పెళ్ళిలో మోసేతుల దాకా గోరింటాకు సూసినప్పుడే అనుకున్నాను. మా అమ్మ కూడా నాకు అంత దూరమూ ఎట్టింది."

"నువ్వూ పిక్కలు కొట్టావా వదినా?"

"ఆరేళ్ళు. మీ అన్నయ్యకి ఇప్పటికీ తెల్దు. ఏల సెప్పాల, అడగనేదు."

అప్పుడు సిస్టర్ గారు మా అమ్మాయిని పిలిచి పక్కన కూర్చోబెట్టుకున్నారు. ఏం రాయాలనుకుంటున్నారో, అది ఎక్కడికి వెళ్తుందో, ఎవరు చదువుతారో అంతా చెప్పారు. వద్దంటే ఇక్కడితో ఆపేస్తానన్నారు. ఆపేస్తే తనకేమవుతుందో మాత్రం చెప్పలేదు. నేను నోరు తెరవబోతే కళ్ళతోనే వద్దన్నారు.

మా అమ్మాయి నా వైపు తిరిగింది. "అక్కడ అందరి ముందూ సెప్పినావా అమ్మా?"

"చెప్పాను."

"నన్ను ఒక్కసారీ అడగనేదు. అప్పుడూ అడగనేదు, ఇప్పుడూ అడగనేదు." కోపంగా అనలేదు. అందుకే ఎక్కువ తగిలింది. తర్వాత సిస్టర్ గారితో అంది. "ఆ పొర ఊడిపోతంటే మా అమ్మ సంబరపడింది. నాకు మాత్రం ఏడుపొచ్చేది. మా షెడ్డులో నా అంత బేగి కొట్టినోలు నేరు సిస్టరమ్మా. ఒక్క పప్పు విరగనిచ్చేదాన్ని కాదు. పెళ్ళిసూపుల్లో నీకేం పనొచ్చమ్మా అంటే కుట్టుపని అన్నాను. నాకు సూదిలో దారం ఎక్కించడం కూడా రాదు. రాత్తే అది రాయండి."

నాలుగేళ్ళు నా ఎదురుగా కూర్చుని పని చేసిన పిల్ల. నేను దాచింది ఆమెకి సిగ్గయిన సంగతి అనుకున్నాను.

"ఒక అమ్మాయి అని రాస్తాను. పేరు వెయ్యను," అన్నారు సిస్టర్ గారు.

"ఏల ఎయ్యరు? ఎయ్యండి."

సిస్టర్ గారు మా వియ్యపురాలి వైపు చూశారు. "మీ ఆయనకి తెలుస్తుందమ్మా."

"తెలిత్తే తెలవనీ. ముప్పై ఏళ్ళు నా సేతి కూడే తిన్నాడు, ఏటైనాది?" అంది ఆమె. "ఒట్టి పేరేస్తే ఎవలి కోడలో ఎలా తెలుత్తాది? మా ఇంటిపేరు కూడా ఎట్టండి."

ఆ గ్రంథం ఆ ఏడాదే ఒప్పుకున్నారు. ఆ తర్వాత ఆమె కాలేజీలో పాఠం చెప్పారు, పుస్తకాలు రాశారు, పెద్ద పెద్ద సభల్లో కూర్చున్నారు. ఏ పుస్తకమూ మాకు చదివి వినిపించకుండా అచ్చుకి ఇవ్వలేదు. మా షెడ్డు ఆడవాళ్ళకి డాక్టరమ్మ అంటే ఆమే. జ్వరానికి వైద్యం చేసే ఆవిడని ఆసుపత్రి డాక్టరమ్మ అని వేరుగా చెబుతాం.

ఆ మధ్యాహ్నం పూండి అరుగు మీద సిస్టర్ గారు అక్కడికక్కడే రాసి, రాసింది మొదటి నుంచి చదివారు. మా అమ్మాయి ఒక చోట ఆపి, నాలుగేళ్ళు కాదు, నాలుగున్నర అంది. దిద్దారు. మా వియ్యపురాలికి చదువు రాదు. "ఏదీ, మా ఇంటిపేరు ఎక్కడున్నాది?" అని వంగింది. సిస్టర్ గారు ఆ అక్షరాల కింద తన వేలు పెట్టి చూపించారు. దాని పక్కనే ఆమె తన వేలు పెట్టింది. కాసేపటికి మా అమ్మాయి కూడా పెట్టింది. సముద్రం వైపు నుంచి గాలి వచ్చి కాగితం అంచు లేస్తుంటే, ముగ్గురూ అలాగే పట్టుకుని కూర్చున్నారు.